కోడళ్ళు ఆడని ఇల్లు

హౌసాబాయి గొంతుకేమీ కాలేదు. పోయిందల్లా కుడిచెయ్యి. పోయిన వానాకాలంలో ఒక పొద్దున్న లేచేసరికి మూతి కాస్త పక్కకి లాగింది, చెయ్యి చచ్చుబడింది. మూతి కొన్నాళ్ళకి చక్కబడింది. చెయ్యి మోచేతి దాకా చెప్పిన మాట వింటుంది గానీ వేళ్ళు మాత్రం ఎవరో పరాయివాళ్ళ వేళ్ళయి కూర్చున్నాయి. ముడవమంటే ముడవవు, విప్పమంటే విప్పవు. కూర్చుని ఆడే లావణికి వేళ్ళు లేకపోతే ఇంకేం మిగులుతుంది? కాళ్ళు చీర కింద మడిచి ఉంటాయి, నడుము కదలదు, గజ్జె మోగదు. ఉన్నదంతా కళ్ళూ, కొంగూ, చేతులూనే.

"మళ్ళీ ఎత్తుకోండి మాస్తరూ," అంది.

గణపత్ మాస్తరు హార్మోనియం తిత్తి లాగాడు. ఈల వేసినట్టు గాలి పక్కనుంచి పోయింది. "దీనికీ నాకూ ఒకటే జబ్బు హౌసా. గాలి నిలవదు," అన్నాడు.

"నిలిచినంత వరకే కొట్టండి."

"వాకిట్లో ఎవరో... దీపం తగ్గించనా, పెంచనా..."

పాటంతా నడిచి నడిచి ఈ ఒక్క పాదం దగ్గర ఆగిపోతుంది. ఇదే పాదాన్ని మళ్ళీ మళ్ళీ పాడాలి. పాడిన ప్రతిసారీ చేతులు ఇంకో సంగతి చెప్పాలి. ఒకసారి వాకిట్లో ఉన్నది మనసైనవాడు. ఒకసారి మొగుడు. ఒకసారి పోలీసు జవాను. ఒకసారి అత్తగారు. ఒక్కొక్క సంగతికీ ఒక్కొక్క అభినయం, వీళ్ళ మాటలో అదా. అలా పోయి పోయి ఆఖరికి వాకిట్లో ఎవరూ ఉండరు. ఆ ఆఖరి అదా ఠకూబాయిది. హౌసాబాయికి పెద్దమ్మ, గురువు, అన్నీ ఆవిడే. కాలం చేసి చాలా ఏళ్ళయింది. ఇప్పటికీ ఆ పేరు వస్తే హౌసాబాయి గురువు మీది గౌరవంతో చెవి పట్టుకుంటుంది. ఇదివరకు కుడిచేత్తో పట్టుకునేది, ఇప్పుడు ఎడమచేత్తో.

ఎదురుగా రేష్మా కూర్చుని చేతులాడిస్తోంది. తమ్ముడు మారుతి కూతురు. పక్కనున్న లావణి థియేటర్లో సినిమా పాటలకి ఆడితే ఈలలు ఆగవు. కానీ ఇక్కడ కూర్చోబెట్టిన దగ్గర్నుంచీ పిల్లకి ఒళ్ళంతా కంపరంగా ఉంది.

"అది దీపమా, నీ సెల్‌ఫోనా? అలా నొక్కుతావేం?"

"వత్తి నేనెప్పుడన్నా తిప్పానా అత్తా? మనింట్లో ఉన్నది స్విచ్చేగా!"

మాస్తరు పకపకా నవ్వాడు. హౌసాబాయికి నవ్వు రాలేదు. గురువారం పుణె నుంచి, పాత ఆటల్ని వీడియో తీసే మృణాల్ వస్తుంది. ఆ పిల్ల ఇంతకుముందు రెండుసార్లు వచ్చింది, నేల మీద కూర్చుని జొన్నరొట్టె తిన్నది, పాట విని కళ్ళనీళ్ళు పెట్టుకుంది. "ఈ పాటని ఇలా కూర్చుని ఆడేవాళ్ళు నాకు తెలిసి ఇంకెవరూ మిగల్లేదు బాయీ. ఒక్కసారి కెమెరాలోకి ఎక్కిస్తే ఇక పోదు," అన్నది. కెమెరాతో మళ్ళీ వస్తానని చెప్పి వెళ్ళిన తర్వాత ఈ చెయ్యి పోయింది. ఇప్పుడు తను పాడాలి, రేష్మా చేతులు చూపించాలి. రేష్మా చేతులు చూస్తే ఠకూబాయి కాటిలోంచి లేచొచ్చి తన్నేలా ఉంది.

"వాకిట్లో ఎవరూ లేరే. ఎవరూ రారు. అది తెలిసి దీపం తగ్గిస్తున్నావు. చూడు..." అని హౌసాబాయి చెయ్యెత్తింది. చెయ్యి గాల్లో అక్కడిదాకా వెళ్ళింది. వత్తి పట్టుకోవాల్సిన రెండు వేళ్ళూ కదల్లేదు. కళ్ళు దీపాన్ని చూస్తున్నాయి, మొహం మీద దీపం వెలుగు కూడా ఉంది, వేళ్ళే రాలేదు. ఆవిడ ఆ చేతిని మోకాలికేసి కొట్టింది. మళ్ళీ కొట్టింది. మాస్తరు తిత్తి ఆపి తల దించుకున్నాడు.

"అత్తా, వద్దత్తా," అని రేష్మా ఆ చెయ్యి పట్టుకుంది.

అప్పుడే వంటింటి తలుపు కాస్త తెరుచుకుంది. గాజుల చెయ్యి ఒకటి గడప మీదుగా టీ పళ్ళెం ఇవతలికి జరిపి వెనక్కి పోయింది. మారుతి భార్య సుభద్ర. మాస్తరు హాల్లో ఉంటే ఆవిడ గడప దాటదు. మాస్తరే కాదు, ఎవరున్నా దాటదు. ఈ ఇంట్లోనే కాదు, ఆ వీధిలో ఆటవాళ్ళ ఇళ్ళన్నిట్లోనూ అంతే. కూతుళ్ళు ఆడతారు, కోడళ్ళు ఆడరు. ఆడకపోవడమే కాదు, ఆట చూడరు. అన్నదమ్ములు కూడా చూడరు. ఆట సొమ్ముతో వండిన కూడు మాత్రం అందరూ కలిసి తింటారు.

హాలు తలుపు థియేటర్ వైపుకి, వంటింటి తలుపు వెనక సందులోకి. మధ్య గోడ కట్టించింది హౌసాబాయే. సుభద్ర కాపరానికొచ్చిన ఏడు, జాతరలన్నీ తిరిగి ఆడి ఆడి, ఆ గోడ లేపింది. "వెయ్యి కళ్ళు నా మీద పడనీ. మా మరదలి గోరు కూడా పరాయి మగాడు చూడలేదు," అని ఊరూరా చెప్పుకునేది. చెప్పుకున్నప్పుడల్లా ఆవిడ ఛాతీ ఉప్పొంగేది.

మధ్యాహ్నం రేష్మా పడుకుంది. మాస్తరు కిళ్ళీ కోసం రోడ్డు మీదికి వెళ్ళాడు. హౌసాబాయి మంచినీళ్ళకి వంటింట్లోకి వచ్చి గడప దగ్గరే ఆగిపోయింది.

సుభద్ర పొయ్యి ముందు కూర్చుని ఉంది. ముందు పళ్ళెంలో జొన్నపిండి ముద్ద. మోచేతుల దాకా పిండి. పెదవులు కదుపుతోందో లేదో అన్నంత సన్నగా ఆ పాదమే పాడుకుంటోంది. వాకిట్లో ఎవరో. కళ్ళు సందు తలుపు వైపు వెళ్ళాయి. ఒకరు కాదు, ఇద్దరు కాదు, వచ్చి పోయినవాళ్ళందరినీ ఆ తలుపు దగ్గర వెతికి, ఎవరూ లేరని చూసుకుని, కళ్ళు మెల్లిగా వెనక్కి వచ్చాయి. చెయ్యి లేని దీపం దాకా వెళ్ళింది. వేళ్ళు వత్తిని తాకాయి. తగ్గిస్తాయి అనుకుంది హౌసాబాయి. తగ్గించలేదు. వేళ్ళు వత్తిని వదిలేశాయి. రెండు అరచేతులూ దీపం చుట్టూ అడ్డం పెట్టుకుని సుభద్ర అలాగే కూర్చుండిపోయింది.

హౌసాబాయి ఒక్క అంగలో పొయ్యి దగ్గరికి వచ్చింది.

"ఏం చేస్తున్నావే?"

సుభద్ర ఉలిక్కిపడి కొంగు తల మీదికి లాక్కుంది. కొంగు నిండా పిండి అయింది. "ఈగలు వదినా. పిండి మీద వాలుతుంటే తోలుతున్నా."

"ఎవరి దగ్గరే నీ నాటకాలు? ఈగల్ని అంత ముద్దుగా ఎవరూ తోలరు. ఎవరు నేర్పారు నీకు?"

సుభద్ర పిండి ముద్దని అటూ ఇటూ తిప్పింది. "పెద్దత్తయ్య."

"ఎప్పుడు?"

"మంచాన పడ్డాక. మీరు జాతరలకి వెళ్ళేవారు కదా. ఒళ్ళు తుడిచి, తల దువ్వి, దిండు ఆనించి కూర్చోబెట్టేదాన్ని. నడుం కిందంతా పడిపోయినా చేతులు మాత్రం ఊరుకునేవి కావు. చూడవే అనేది, చూసేదాన్ని. చెయ్యవే అనేది. మంచంలో ఉన్న మనిషిని ఏమని కాదంటాను? చేసేదాన్ని. తప్పయితే విసనకర్రతో ఒక్కటి పెట్టేది."

"అయితే ఆఖరిది తప్పుగా నేర్చుకున్నావు. దీపం తగ్గించాలి."

"మొదట్లో అలాగే చెప్పింది వదినా. తర్వాత తనే మార్చింది. ఎవరూ రారని తెలియగానే దీపం తగ్గించేది వయసులో ఉన్న పిల్ల అంది. దానికి రానివాళ్ళ మీద కోపం ఉంటుందట. నా వయసుకొచ్చాక తగ్గించబుద్ధి కాదు సుభద్రా, గాలికి పోకుండా చెయ్యి అడ్డం పెట్టుకు కూర్చుంటాం అంది."

 దాచుకోవడమెందుకు, హౌసాబాయికి కలిగింది అసూయే. చిన్నప్పట్నుంచీ ఆ ముసలమ్మ కాళ్ళ దగ్గర పడుంది తను. ఆవిడ మందుల కోసం ఎండల్లో, దుమ్ములో, బండ్ల మీద ఊళ్ళు పట్టుకు తిరిగింది తను. ఆవిడ మాత్రం తన ఆటలోకల్లా గొప్ప సంగతిని రొట్టెలు చేసుకునే కోడలి చేతిలో పెట్టి పోయింది.

"నాకెందుకు చెప్పలేదు?" అంది. గొంతు చిన్నపిల్ల గొంతులా వచ్చింది.

"మీరు ఇంట్లో ఉన్నదెప్పుడు వదినా? వచ్చిన రోజు నిద్రపోయేవారు. లేచిన రోజు బండెక్కేవారు."

అందులో దెప్పిపొడుపేమీ లేదు. ఉన్నమాటే. హౌసాబాయి నీళ్ళు తాగకుండానే హాల్లోకి వచ్చి గోడకి జేరబడింది. చాలాసేపటికి గానీ కోపం దిగలేదు. కోపం దిగాక, దాని అడుగున ఇంకోటి కనిపించింది. ఆట బతికే ఉంది. ఇన్నాళ్ళూ తను చచ్చిపోతోందని ఏడుస్తున్న ఆట, తను కట్టించిన గోడకి అవతలే, పొయ్యి పక్కన క్షేమంగా కూర్చుని ఉంది.

మర్నాడు పొద్దున్న మారుతి వంటింట్లో రొట్టె తింటున్నాడు. థియేటర్ బేరాలన్నీ చూసేది అతనే. కుల పంచాయతీలో కూడా అతని మాటకి విలువుంది. హౌసాబాయి గడప మీద నిలబడి కబురు చెప్పింది.

"గురువారం కెమెరా ముందు సుభద్ర కూర్చుంటుంది."

మారుతి నోటి దాకా తీసుకెళ్ళిన ముక్కని అక్కడే ఆపాడు. "ఏ సుభద్ర?"

"ఎంతమంది సుభద్రలున్నార్రా నీకు?"

"వేళాకోళం ఆడకక్కా. పొద్దున్నే."

"వేళాకోళం కాదు. పెద్దమ్మ ఆట దీని చేతుల్లో ఉంది. నా చెయ్యి పోయింది. నీ కూతురికి ఇంకా రాలేదు. ఇది కూర్చోకపోతే ఆట నాతోపాటే కాటికి పోతుంది."

మారుతి భార్య వైపు చూశాడు. సుభద్ర పెనం మీద రొట్టెని తిరగేస్తోంది. అతను మళ్ళీ అక్క వైపు తిరిగాడు. "మన ఇళ్ళల్లో కోడలు ఆడటం ఎప్పుడన్నా ఉందా? రేపు పంచాయతీలో నన్ను కూర్చోనిస్తారా? మారుతి పెళ్ళాన్ని కూడా ఆటలోకి దించాడంటారు. ఉమ్మేస్తారు నా మొహాన."

"గజ్జె కట్టదు. లేచి నిలబడదు. మన హాల్లో, నా పక్కన కూర్చుంటుంది. దాన్ని ఆట అనేవాడెవడో నా దగ్గరికి రమ్మను."

"కూర్చుని ఆడినా ఆట ఆటే అక్కా! నువ్వే చెప్తావుగా, అదే అసలు ఆట అని!"

 మారుతి గొంతు తగ్గించాడు. "చిన్నప్పుడు బళ్ళో పిల్లలు నన్నేమని పిలిచేవారో నీకు తెలుసు. నిన్ను ఒక్కమాట అనలేదు నేను. నీ కూడు తిన్నాను, ఎట్లా అంటాను? తల దించుకునే బతికాను. తల ఎత్తుకోవడానికి నాకున్నదల్లా ఇదొక్కటే, నా పెళ్ళాం నాలుగు గోడల మధ్య ఉందని. అది కూడా తీసుకుంటావా?"

"ఆ నాలుగు గోడలూ ఎవరు కట్టించార్రా?" హౌసాబాయి గొంతు లేచింది. "నీ తల నేనెత్తించాను. నేనే దించమంటున్నా. ఈ ఇంట్లో నా మాట చెల్లుతుందా, చెల్లదా?"

మారుతి కంచం ముందుకి తోసి లేచాడు. "నీ ఇల్లు. నీ ఇష్టం," అని సందు తలుపు గట్టిగా వేసి వెళ్ళిపోయాడు.

సుభద్ర అతను వదిలేసిన రొట్టెని మూత పెట్టి పక్కన పెట్టింది. తర్వాతి ముద్ద చేతిలోకి తీసుకుంది.

"నువ్వేం భయపడకు. నేనున్నానుగా," అంది హౌసాబాయి.

"పిండి అయిపోయింది వదినా. జొన్నలు తెప్పించాలి."

హౌసాబాయి సరేనని వెళ్ళిపోయింది. యుద్ధం గెలిచినట్టుంది ఆవిడకి.

గురువారం మృణాల్ వచ్చింది, కెమెరా అతన్ని వెంటబెట్టుకుని. హాల్లో జంపఖానా పరిచారు, కిటికీకి తెల్లగుడ్డ కట్టారు. బయట పక్కింటివాళ్ళు అప్పుడే పనులు కల్పించుకుని అటూ ఇటూ తిరుగుతున్నారు. మారుతి వీధి మెట్టు మీద, హాలుకి వీపు పెట్టి కూర్చున్నాడు. 

లోపల హౌసాబాయి తన పెట్టెలోంచి తొమ్మిది గజాల ఇల్కల్ చీర తీసింది. రేష్మా సాయంతో సుభద్రకి కట్టింది. తల మీది కొంగుని తనే తీసింది. ఆట కూర్చునేవాళ్ళు తల కప్పుకోరు. కొప్పులో పూలు తురిమింది. సుభద్ర మెడ వెనక చర్మం ఎండ ఎరగని తెలుపు. రేష్మా నోరు వెళ్ళబెట్టి చూస్తోంది. "అమ్మా, నువ్వేనా! ఇంత బాగున్నావేంటే?"

సుభద్ర నవ్వలేదు. కూతురి వైపు చూసి, కళ్ళు దించుకుంది. హౌసాబాయి దాన్ని సిగ్గు అనుకుంది.

జంపఖానా మీద వదినామరదళ్ళిద్దరూ కూర్చున్నారు. కెమెరా మీద ఎర్రచుక్క వెలిగింది. మాస్తరు తిత్తి లాగాడు. పాట నడిచి ఆ పాదం దగ్గరికి వచ్చింది.

"వాకిట్లో ఎవరో... దీపం తగ్గించనా, పెంచనా..."

సుభద్ర చేతులు ఒళ్ళోనే ఉన్నాయి. హౌసాబాయి మళ్ళీ పాడింది. చేతులు కదల్లేదు. కొత్తకదా అనుకుని, ఇంకా మెల్లిగా, అడుగు వేయించినట్టు మళ్ళీ పాడింది. మాస్తరు కళ్ళెత్తి హౌసాబాయి వైపు చూశాడు. సుభద్ర కొంగు వెనక్కి లాగి తల మీద కప్పుకుంది. లేచి వంటింట్లోకి వెళ్ళిపోయింది.

"ఒక్క నిమిషం," అని మృణాల్‌తో చెప్పి హౌసాబాయి వెనకే వెళ్ళింది. కోపం వచ్చింది, తల కొట్టేసినట్టయింది. "ఏమయిందే నీకు? పుణె నుంచి వచ్చి కూర్చున్నారు వాళ్ళు! వాడికి భయపడ్డావా?"

సుభద్ర కొప్పులో పూలు తీసి కిటికీలో పెట్టింది. "ఆయన వద్దన్నారు. మీరు కావాలన్నారు. ఇద్దరూ నా గురించే అరుచుకున్నారు వదినా. నేను అక్కడే ఉన్నాను. రొట్టె చేస్తున్నాను. నన్ను ఒక్కరూ అడగలేదు."

"నీ మంచికే కదే..."

"మీకు గజ్జె కట్టిన రోజు గురించి మీరు ఎన్నిసార్లు చెప్పారో! బెల్లంముక్క చేతిలో పెట్టి కాలు కదలకుండా పట్టుకున్నారని. ఇష్టమా అని అడిగినవాళ్ళు లేరని. చెప్పినప్పుడల్లా ఏడ్చేవారు. విని నేనూ ఏడ్చేదాన్ని." సుభద్ర గొంతు పెద్దది కాలేదు. "నా రేష్మాకి మీరు గజ్జె కట్టిన రోజు నేను ఇక్కడే ఉన్నా. ఈ పొయ్యి దగ్గరే. చప్పుడు వినపడ్డాక తెలిసింది నాకు, కట్టేశారని. అది ఆడుతుంటే ఊరంతా చూసింది. దాన్ని కన్నదాన్ని, నేను చూడలేదు. గోడ అవతల్నుంచి వింటాను. ఏ కాలు మీద బరువేస్తోందో చప్పుడుని బట్టి తెలుసుకుంటాను."

హౌసాబాయి పొయ్యి పక్కన పీట మీద కూలబడింది. ఆ రోజు ఆవిడకి గుర్తుంది. పిల్ల చేతిలో బెల్లంముక్క తనే పెట్టింది. కాలు తనే పట్టుకుంది. ఇన్నాళ్ళూ ఆ కథలో తను చిన్నపిల్లనే అనుకుంది. కాలు పట్టుకున్న మనిషి కూడా తనే అని ఒక్కసారి కూడా అనుకోలేదు.

హాల్లోంచి కెమెరా అతను ఏదో అంటున్నాడు, వెలుతురు పోతుందని. హౌసాబాయి లేవబోయి లేవలేక, ఎడమచేత్తో సుభద్ర చీర అంచు పట్టుకుంది.

"ఇప్పుడు అడుగుతున్నానే. తప్పయిపోయింది, ఇప్పుడు అడుగుతున్నా. ఆ ఆట ఇస్తావా?"

సుభద్ర పొయ్యిలో కట్టె ఎగదోసింది. "ఆలోచించుకోవాలి," అంది.

"ఎంతసేపు?"

"తెలీదు వదినా. నన్నెవరూ ఎప్పుడూ ఏదీ అడగలేదు. ఎంతసేపు పడుతుందో నాకెట్లా తెలుస్తుంది?"

హౌసాబాయి హాల్లోకి వచ్చింది. ఇంకో గంటలో మృణాల్ వాళ్ళు బయల్దేరాలి. రేపు సాతారా అట, తర్వాత ఎక్కడో. మళ్ళీ ఎప్పుడు రాగలమో చెప్పలేనని మృణాల్ ముందే అంది. ఇప్పుడు తను కాస్త గొంతు చేసుకుంటే చాలు, ఈ ఇంటి పెద్దగా ఒక్క కేక వేస్తే చాలు, సుభద్ర వచ్చి కూర్చుంటుంది. కూర్చుని చేసి చూపిస్తుంది కూడా. ఆ సంగతి హౌసాబాయికి తెలుసు. కేక గొంతు దాకా వచ్చింది. ఆవిడ దాన్ని మింగేసింది.

"సుభద్ర ఇవాళ కూర్చోదు. నేనే కూర్చుంటా. ఎంత వస్తే అంత తీసుకో," అంది.

కూర్చుంది. మనసైనవాడిని ఎడమచేత్తో పిలిచింది. మొగుణ్ణి కళ్ళతో తోసింది. జవాను వచ్చినప్పుడు చచ్చుబడిన చేతిని కొంగులో దాచింది. అత్తగారు వచ్చినప్పుడు మాస్తరు కూడా నవ్వాపుకోలేక స్వరం తప్పాడు. సగం సగం అదాలు, కుంటి అదాలు. అయినా అలా తెగించి ఆవిడ ఆడి ఎంతో కాలమయింది. ఆఖరి దాని దగ్గర పాట ఆపేసింది. కెమెరా వంక తిన్నగా చూసింది.

"ఇంకొకటుంది. వాకిట్లో ఎవరూ లేనిది. అది మా గురువు ఠకూబాయిది," అని చెవి పట్టుకుంది. "నాకు తెలిసినది పాతది. ఆవిడ తర్వాత మార్చుకుంది. ఆ మార్చినది మా మరదలు సుభద్ర దగ్గర ఉంది. ఇప్పుడది సుభద్ర సొత్తు. ఇస్తే ఇస్తుంది, లేకపోతే లేదు. నాకు రానిది వచ్చని చెప్పలేను."

ఎర్రచుక్క ఆరిపోయింది. మృణాల్ వచ్చి హౌసాబాయి కుడిచెయ్యి తన చేతుల్లోకి తీసుకుని కూర్చుంది. కెమెరా అతను తీగలు చుట్టడం మొదలెట్టాడు. మాస్తరు హార్మోనియం మీద గుడ్డ కప్పాడు. అయిపోయిందనుకుంది హౌసాబాయి. ఏడుపు వచ్చింది గానీ ఏడవలేదు.

వంటింటి తలుపు తెరుచుకుంది. సుభద్ర ఇల్కల్ చీర విప్పేసి తన ముతక చీరే కట్టుకుని ఉంది. కొంగు తల మీద నిండా కప్పుకుని ఉంది. గడప దగ్గర ఒక్క క్షణం ఆగింది. మాస్తరు కంగారుగా గోడ వైపు తిరిగాడు. ఆవిడ గడప దాటి వచ్చి జంపఖానా మీద కూర్చుంది.

"రేష్మా, ఇటు రా. నా ముందు కూర్చో."

రేష్మా వచ్చి కూర్చుంది. సుభద్ర కూతురి మణికట్టు పట్టుకుంది. పట్టుకున్న తీరు చూస్తే ఆ చేతికి జ్వరం ఉందేమో చూస్తున్నట్టుంది.

మృణాల్ కెమెరా వైపు చూసింది, సుభద్ర వైపు చూసింది. "తీయనా పిన్నీ?" అని మెల్లిగా అడిగింది.

సుభద్ర ఆలోచించింది. అందరూ ఆగారు. తీగలు చుట్టే అతను కూడా ఆగాడు.

"చేతులు తీసుకో. మొహం వద్దు," అంది సుభద్ర. "ఆయన కోసం కాదు. నాకే వద్దు. మొహం దీనిది తీసుకో, నా కూతురిది."

ఎర్రచుక్క మళ్ళీ వెలిగింది. మాస్తరు మొహం గోడవైపే ఉంచి, చేతులు వెనక్కి పెట్టి వాయించడం కుదరదని గ్రహించి, హార్మోనియం మీది గుడ్డ తీసి దాన్నే తన ముందుకి లాక్కున్నాడు. వీధిలోంచి పక్కింటాయన గొంతు వినిపించింది. "ఏం జరుగుతోంది మారుతీ లోపల? ఎవరు కూర్చున్నారు?"

మారుతి మెట్టు మీంచి లేచిన చప్పుడైంది. తర్వాత అన్నాడు: "మా ఇంటావిడ. కూతురికి పాఠం చెబుతోంది. తల్లి కూతురికి చెప్పుకుంటే నీకేంటయ్యా నొప్పి? పో, పనిచూసుకో."

హౌసాబాయి పాడింది. సుభద్ర చేతులు రేష్మా చేతుల్ని మోసుకుంటూ దీపం దాకా వెళ్ళాయి. "ఊహూఁ. ఎవరికోసమో చూస్తున్నావు నువ్వు. ఎవరూ లేరే. అందర్నీ చూసేశావు, ఎవరూ లేరు. కోపం వద్దు. మళ్ళీ." హౌసాబాయి మళ్ళీ పాడింది. రేష్మా కళ్ళు తలుపు దాకా వెళ్ళి ఖాళీగా తిరిగొచ్చాయి. వేళ్ళు వత్తిని తాకి వదిలేశాయి. సుభద్ర తన అరచేతులు తీసేసింది. రేష్మా అరచేతులు దీపం చుట్టూ అడ్డంగా, వాటంతట అవే నిలబడ్డాయి. లేని దీపం వెలుగు పిల్ల మొహం మీద పడింది. సుభద్ర కూతురి మొహాన్ని రెప్ప వెయ్యకుండా చూస్తోంది. ఇంతవరకు చూడనిదంతా ఇప్పుడే చూసుకునేలా ఉంది.

హౌసాబాయి పాడుతున్న పాదం సగంలో తెగిపోయింది.

సుభద్ర తల తిప్పలేదు. కూతురి మీంచి కళ్ళు తియ్యలేదు.

"ఆపకండి వదినా," అంది. "పిల్ల ఇంకా నేర్చుకుంటోంది."

హౌసాబాయి కొంగుతో మొహం తుడుచుకుని మళ్ళీ మొదట్నుంచి ఎత్తుకుంది.